మైన్‌క్రాఫ్ట్‌లో డిఫికల్టీ మార్చేముందు చుట్టూ ఒకసారి చూసుకోండి

బ్లాకులతో కట్టుకునే మైన్‌క్రాఫ్ట్‌లో ఆట మధ్యలో డిఫికల్టీ, అంటే ఆట ఎంత కష్టంగా ఉండాలన్న స్థాయి, మార్చడం చాలా తేలిక. కంప్యూటర్లో ఆడే జావా ఎడిషన్ అయితే ఎస్కేప్ నొక్కి ఆప్షన్స్‌లోకి వెళ్తే పైనే డిఫికల్టీ బటన్ కనిపిస్తుంది. నొక్కినకొద్దీ పీస్‌ఫుల్, ఈజీ, నార్మల్, హార్డ్ అని మారుతూ పోతుంది. కావల్సింది రాగానే డన్ కొట్టి బయటికి రావడమే. చీట్స్ (ఆటకి ఆజ్ఞలు టైప్ చేసే సౌకర్యం) ఆన్‌లో ఉండాల్సిన పనిలేదు, కొత్త ప్రపంచం మొదలుపెట్టాల్సిన పనీ లేదు. ఇంతవరకు ఎవరైనా చెప్తారు.

నేను చెప్పదలచుకున్నది ఆ బటన్ మీద వేలు పెట్టేముందు సంగతి. అది మీ ఒక్కరికి సంబంధించిన బటన్ కాదు, మొత్తం ప్రపంచానిది. నొక్కిన క్షణంలోనే కొన్ని మారిపోతాయి. కొన్ని ఆ తర్వాత కొత్తగా పుట్టే శత్రువుల దగ్గర్నుంచి మారతాయి. కొన్నయితే పోయాక తిరిగి రావు. ఏది ఏ రకమో తెలుసుకుంటే రోజూ మార్చుకున్నా నష్టం లేదు.

మా ఇంట్లో దీని అవసరం ఎందుకొచ్చిందో చెప్తాను. విజయవాడ సత్యనారాయణపురంలో ఇంటి దగ్గరే పదో తరగతి పిల్లలకి లెక్కలు చెప్తాను. ట్యూషన్ పిల్లలు వెళ్లిపోయాక మైన్‌క్రాఫ్ట్‌లో ప్రకాశం బ్యారేజీ కట్టుకుంటూ కూర్చుంటాను. ఆటలో ఒక బ్లాకు అంటే ఒక మీటరు లెక్క. అసలు బ్యారేజీ 1,223.5 మీటర్లు, కాబట్టి నాది 1,224 బ్లాకులు, 70 గేట్లు. ఈ చివర ఇంద్రకీలాద్రి, ఆ చివర సీతానగరం, ఇంకాస్త అవతల నాలుగు అంతస్తుల ఉండవల్లి గుహలు. నాకు జాంబీలతో పనిలేదు. గేటు తూకం కుదిరిందా లేదా అని చూసుకుంటుంటే వెనకనుంచి క్రీపర్ వచ్చి పేలడం అస్సలు ఇష్టం ఉండదు. అందుకని శత్రువులు లేని పీస్‌ఫుల్‌లో ఆడతాను. మావాడు ఇంటర్, హాస్టల్లో ఉంటాడు. దసరాకో సంక్రాంతికో ఇంటికొచ్చాడంటే బ్యాగు దించకముందే "అమ్మా, మన వరల్డ్ హార్డ్‌లో పెట్టు" అంటాడు. ప్రపంచం ఒకటే, ఇష్టాలు రెండు. సెలవులు మొదలవగానే పైకి, అయిపోగానే కిందికి మారుస్తూ ఉంటాం.

ముందు బ్యాకప్. ఆట మొదట్లో ప్రపంచాల జాబితా వస్తుంది కదా, అందులో మీ ప్రపంచాన్ని ఎంచుకుని ఎడిట్ నొక్కితే మేక్ బ్యాకప్ అని ఉంటుంది. నొక్కేయండి. కాసేపట్లో జిప్ ఫైలు తయారవుతుంది. ఎన్నో రాత్రులు కూర్చుని కట్టినదాన్ని దేవుడి మీద భారం వేసి వదిలేయకూడదు.

ఇక ఈ నాలుగు స్థాయిల మధ్య తేడా. దెబ్బ ఎంత గట్టిగా తగులుతుందన్నది ఒక్కటే తేడా అనుకుంటారు చాలామంది. అదీ ఉంది. జాంబీ కొడితే ఈజీలో 2.5, నార్మల్‌లో 3, హార్డ్‌లో 4.5 పోతాయి, మన ప్రాణం మొత్తం 20. క్రీపర్ సరిగ్గా ఒంటి మీదే పేలితే ఈజీలో 22.5, నార్మల్‌లో 43, హార్డ్‌లో 64.5. ఇది ఒకసారి ఆలోచించండి. కవచం లేకుండా ఉంటే ఈజీలో కూడా క్రీపర్ చంపేస్తుంది. "ఈజీయే కదా" అని ఉత్తి ఒంటితో గుహల్లో తిరిగేవాళ్లు గుర్తుపెట్టుకోవాల్సిన అంకె ఇది.

కానీ అసలు తేడాలు దెబ్బలో లేవు. ఆకలి సంగతి చూడండి. తిండి పూర్తిగా అయిపోతే ఈజీలో ప్రాణం సగానికి, అంటే 10కి తగ్గి అక్కడ ఆగిపోతుంది. నార్మల్‌లో అర గుండె, అంటే 1 మిగులుతుంది. హార్డ్‌లో అలాగే ఆకలితో చచ్చిపోతారు. గుహ సాలీడు కుడితే ఈజీలో విషం ఎక్కదు, నార్మల్‌లో 7 సెకన్లు, హార్డ్‌లో 15 సెకన్లు ఎక్కుతుంది. పాత గనుల్లోకి దిగేముందు మావాడు కూడా నోరు మూసుకుని ఈజీకి మార్చడం నేను చూశాను. పిడుగు పడ్డప్పుడు నిప్పంటుకోవడం నార్మల్, హార్డ్‌లలోనే ఉంటుంది. చెక్క ఇళ్లు కట్టుకునేవాళ్లకి ఇది చిన్న విషయం కాదు. చెక్క తలుపుల్ని జాంబీలు విరగ్గొట్టడం హార్డ్‌లో మాత్రమే జరుగుతుంది. అన్నీ విరగ్గొట్టవు, కొన్నే, కానీ అవి ఏవో మనకి ముందు తెలియదు. జాంబీ చేతిలో చచ్చిన విలేజర్ (ఆటలోని ఊరివాడు) తనూ జాంబీగా మారడం ఈజీలో ఉండదు, నార్మల్‌లో సగం సగం, హార్డ్‌లో నూటికి నూరుపాళ్లు. ఊరి మీద రైడ్, అంటే శత్రువుల దాడి, వస్తే ఈజీలో 3 దఫాలు, నార్మల్‌లో 5, హార్డ్‌లో 7.

హార్డ్ నుంచి పీస్‌ఫుల్‌కి దిగడం అందరికీ సులువుగా కనిపిస్తుంది. జాగ్రత్త ఎక్కువ కావల్సింది అక్కడే. పీస్‌ఫుల్ నొక్కగానే జాంబీలు, స్కెలెటన్లు, క్రీపర్లు, సాలీళ్లు అన్నీ అక్కడికక్కడ మాయమైపోతాయి. చావవు, మాయమవుతాయి. చస్తే చేతిలో ఉన్నది కింద పడుతుంది. మాయమైతే చేతిలో ఉన్నదాంతో సహా పోతుంది.

ఇప్పుడు దీన్ని మామూలుగా జరిగే సంగతికి కలిపి చూడండి. చీకట్లో మీరు చచ్చిపోయారు. సామానంతా అక్కడ పడింది. ఒక జాంబీ మీ వజ్రాల కత్తి తీసుకుని పట్టుకుంది. మీరు మంచం దగ్గర మళ్లీ పుట్టి, టెన్షన్‌తో, సామాను తెచ్చుకోవడం తేలికవుతుందని పీస్‌ఫుల్ నొక్కారు. అంతే, కత్తి గల్లంతు. అలాంటప్పుడు పీస్‌ఫుల్ వద్దు, ఈజీకి మార్చండి. ఈజీలో దెబ్బలు తగ్గుతాయి, జాంబీ మాత్రం ఉంటుంది. దాన్ని చంపి కత్తి తీసుకోండి. కింద పడ్డ సామాను, మీరు దగ్గర్లో ఉన్నంతసేపు లెక్కేస్తే, 5 నిమిషాలకి పోతుంది కాబట్టి త్వరగా వెళ్లండి. ఎస్కేప్ నొక్కితే ఒంటరి ఆటలో కాలం ఆగుతుంది, ఆలోచించుకోవడానికి అది వాడుకోండి. ప్రపంచాన్ని లాన్‌లో (ఇంట్లోని నెట్‌వర్క్‌లో) తెరిచి ఇంకొకరితో ఆడుతుంటే మాత్రం ఎస్కేప్‌తో ఏదీ ఆగదు.

జాంబీగా మారిన విలేజర్‌ని బాగుచేస్తున్నప్పుడు కూడా ఇదే గొడవ. బలహీనత మందు చల్లి, బంగారు యాపిల్ తినిపించి, అది వణుకుతూ నిలబడి ఉంటుంది. ఆ కొద్ది నిమిషాల్లో పీస్‌ఫుల్ నొక్కారంటే విలేజర్ లేడు, యాపిల్ లేదు. నేమ్‌ట్యాగ్ కట్టి పేరు పెట్టుకున్న జాంబీలు మామూలుగా మాయం కావు కదా, వాటికేం కాదులే అనుకోకండి. పేరున్నా పీస్‌ఫుల్‌లో ఉండవు. త్రిశూలం పట్టుకున్న డ్రౌన్డ్ (నీళ్లలో తిరిగే జాంబీ) నదిలో కనిపించి, దాన్ని ఎలాగైనా సంపాదించాలని ఒక గదిలో బంధించి పెట్టుకున్నా అంతే. జావాలో పుట్టే డ్రౌన్డ్‌లలో త్రిశూలంతో వచ్చేవి నూటికి ఆరు మాత్రమే. కాబట్టి దిగేముందు అన్ని మూలలూ తిరిగి, ఎక్కడైనా ఏదైనా కట్టేసి ఉంచారా చూసుకోవాలి. మావాడు హాస్టల్‌కి బయల్దేరే రోజు నేను అడిగే మొదటి ప్రశ్న ఇదే: "ఎవర్నైనా బంధించి పెట్టావా నాన్నా?"

పీస్‌ఫుల్‌లోకి దిగాక ఆకలి ఉండదు, ప్రాణం గబగబా నిండుతుంది. అలాగని చావు లేదనుకోకండి. బ్యారేజీ మీదనుంచి కిందికి పడ్డా, లావాలో కాలు పెట్టినా, నీళ్లలో ఊపిరి అయిపోయినా పోతారు. ఆట చివరి పెద్ద శత్రువు ఎండర్ డ్రాగన్ కూడా పీస్‌ఫుల్‌లో ఎక్కడికీ పోదు. దొరకని వస్తువులు కొన్ని ఉంటాయి. బ్లేజ్ రాడ్, బ్లేజ్ అన్న నిప్పులు కక్కే శత్రువుని చంపితేనే వస్తుంది, పీస్‌ఫుల్‌లో బ్లేజ్ ఉండదు. అది లేనిదే డ్రాగన్ ఉండే ఎండ్‌కి తీసుకెళ్లే కళ్లు తయారుకావు, మందులు కాచుకునే స్టాండుకి ఇంధనం ఉండదు. బురద ముద్దలు (స్లైమ్‌బాల్స్) దొరకడం కూడా కష్టమే, స్లైములు పుట్టవు. శత్రువుల మీద ఆధారపడి కట్టిన ఫారాలన్నీ ఖాళీగా పడుంటాయి. నాలా కట్టుకునేవాళ్లకి ఒక సలహా: పిస్టన్లతో తలుపులు చేయాలనుకుంటే బురద ముద్దలు, బాంబులకి గన్‌పౌడర్ లాంటివి హార్డ్ రోజుల్లోనే ఒక పెట్టె నింపి పెట్టుకోండి. మావాడు సెలవుల్లో తెచ్చి పడేసినవే నాకు ఆ తర్వాత నెలల తరబడి వస్తాయి. ఇంట్లో ఇద్దరు రెండు రకాలుగా ఆడటంలో లాభం అదే.

ఇక పైకి ఎక్కడం. ఇక్కడ ఉన్న కిటుకు చాలామంది పెద్ద ఆటగాళ్లకి కూడా పట్టదు.

హార్డ్ అని పెడితే అన్ని చోట్లా ఒకే హార్డ్ ఉండదు. జావా ఎడిషన్‌లో ఒక్కో ప్రాంతానికి దాని సొంత లెక్క ఉంటుంది. ప్రపంచం మొదలై ఎంతకాలమైంది, ఆ ప్రాంతంలో మనం ఎంతసేపు గడిపాం, ఆ రాత్రి చందమామ ఎంత నిండుగా ఉన్నాడు, ఈ మూడింటినీ కలిపి ఆట ఒక అంకె కడుతుంది. ఈజీలో ఆ అంకె 0.75 నుంచి 1.5 దాకా, నార్మల్‌లో 1.5 నుంచి 4 దాకా, హార్డ్‌లో 2.25 నుంచి 6.75 దాకా ఉంటుంది. 2 లోపు ఉంటే జాంబీలు కవచాలతో, స్కెలెటన్లు మంత్రించిన విల్లులతో పుట్టవు. 2 దాటినకొద్దీ ఆ అవకాశం పెరుగుతుంది, 4 దగ్గర ఆగుతుంది. అంటే ఈజీలో మామూలుగా కవచం తొడుక్కున్న జాంబీ పుట్టదన్నమాట.

ఒక ప్రాంతంలో గడిపిన సమయం 50 గంటల దాకా లెక్కలోకి వస్తుంది. మీరు పీస్‌ఫుల్‌లో ఉన్నా ఆ లెక్క ఆగదు. సిగ్నల్ దగ్గర ఆగినా తిరుగుతూ ఉండే ఆటో మీటరు లాంటిది (మన బెజవాడలో మీటరు వేసిన ఆటో ఎవరైనా ఎక్కుంటే చెప్పండి). నేను ప్రశాంతంగా గేట్లు పెట్టుకుంటూ కూర్చున్న రాత్రులన్నీ బ్యారేజీ ఖాతాలో పడిపోతాయి. సంక్రాంతికి హార్డ్ పెట్టగానే ప్రపంచం మొత్తంలో అతి ప్రమాదకరమైన చోటు ఏదంటే నా బ్యారేజీయే. ఎవరూ అడుగుపెట్టని కొత్త అడవిలో అదే రాత్రి అంకె తక్కువ ఉంటుంది. ఇల్లు భద్రం, బయట ప్రమాదం అన్న మన మామూలు లెక్క ఇక్కడ తిరగబడుతుంది. మీ దగ్గర ఎంత ఉందో చూడాలంటే ఎఫ్3 నొక్కండి. లోకల్ డిఫికల్టీ అన్న వరుసలో మొదటి అంకె ఇదే. పీస్‌ఫుల్‌లో సున్నా చూపిస్తుంది, ఆ సున్నాని నమ్మి మోసపోకండి.

కాబట్టి హార్డ్‌కి ఎక్కేముందు ఇంటి చుట్టూ వెలుతురు చూసుకోవాలి. 2021లో వచ్చిన 1.18 వెర్షన్ నుంచి మామూలు శత్రువులు టార్చ్ వెలుగు పూర్తిగా సున్నా ఉన్నచోటే పుడతాయి. అంతకుముందులా టార్చ్‌ల మీద టార్చ్‌లు గుచ్చనక్కర్లేదు, కానీ ఒక్క చీకటి మూల కూడా ఉండకూడదు. పీస్‌ఫుల్‌లో కట్టేవాళ్లం అందానికి చూసుకుని దీపాలు పెడతాం, చీకటి మూలలు బోలెడు మిగిలిపోతాయి. నా ఉండవల్లి గుహల్లో పై అంతస్తులన్నీ అలాంటివే. స్తంభాల వెనక టార్చ్ కనపడితే బాగుండదని, నేల కింద ఒక బ్లాకు తీసి గ్లోస్టోన్ అన్న వెలిగే రాయి పెట్టి పైన తివాచీ పరిచాను. తివాచీ కిందనుంచి కూడా వెలుగు వస్తుంది. బ్యారేజీ రోడ్డుకైతే దీపాలతో పనే లేదు. రోడ్డంతా కింది సగం స్లాబులతో (సగం ఎత్తు బ్లాకులతో) వేశాను, వాటి మీద శత్రువులు పుట్టలేవు. గాజు మీద, ఆకుల మీద కూడా అంతే. గేట్ల కింద నది మాత్రం తలనొప్పే. నదుల్లో డ్రౌన్డ్‌లు పుడతాయి. నీళ్లలో టార్చ్ నిలవదు కాబట్టి సముద్రపు లాంతర్లు, సీ పికిల్స్ వాడాలి.

తలుపులు ఇనుపవి పెట్టుకోండి. చెక్కవే కావాలంటే వాటి ముందు నేలని ఒక మెట్టు దించండి, పైకి ఎక్కి తలుపు కొట్టడానికి వీలుండదు. విలేజర్లు ఉంటే ఊరి చుట్టూ గోడ కట్టండి. హార్డ్‌లో ఒక్క జాంబీ లోపలికి వచ్చినా ఊరు ఊరంతా మారిపోవచ్చు. మావాడికి మాత్రం అదే కావాలి. విలేజర్ తప్పకుండా జాంబీ అయ్యేది హార్డ్‌లోనే కాబట్టి, వాళ్లని కావాలనే మార్పించి, తర్వాత బాగుచేసి, కృతజ్ఞతగా వాళ్లిచ్చే తగ్గింపు ధరలకి పుస్తకాలు కొంటాడు. వ్యాపారం నేర్చుకుంటున్నాడులే అని ఊరుకున్నాను.

ఎక్కడం పగటిపూట పెట్టుకోండి. ముందు మంచంలో పడుకుని లేచి, ఎండ వచ్చాక నొక్కండి. చీకటి మూల ఎక్కడైనా మిగిలి ఉంటే పగలే బయటపడుతుంది.

దిగేటప్పుడు ఇంకో సంగతి. హార్డ్ నుంచి నార్మల్‌కో ఈజీకో మార్చగానే దెబ్బల బరువు వెంటనే తగ్గుతుంది. కానీ అప్పటికే పుట్టి ఉన్న జాంబీ ఒంటిమీది కవచం ఊడిపోదు. కొత్తగా పుట్టేవే కొత్త లెక్కన వస్తాయి. ఈజీకి మార్చాను కదా, ఇదేంటి ఇనుప కవచంతో వచ్చింది అని ఆశ్చర్యపోవద్దు.

నిజానికి చాలామందికి కావల్సింది డిఫికల్టీ మార్చడం కాదు. చచ్చినప్పుడు సామాను పోవడమే బాధ అయితే కీప్ ఇన్వెంటరీ అన్న నియమం ఆన్ చేసుకుంటే సరిపోతుంది. క్రీపర్ గోడ పగలగొట్టడమే బాధ అయితే మాబ్ గ్రీఫింగ్ ఆఫ్ చేసుకోవచ్చు, కాకపోతే అప్పుడు విలేజర్లు పంట కోయడం కూడా మానేస్తారు. వీటికి చీట్స్ కావాలి. జావాలో చీట్స్ లేకుండా మొదలైన ప్రపంచమైతే ఎస్కేప్ మెనూలో ఓపెన్ టు లాన్‌కి వెళ్లి, అలో కమాండ్స్ (పాత వెర్షన్లలో అలో చీట్స్) ఆన్ చేసి తెరవండి. ప్రపంచం మూసేదాకా పనిచేస్తుంది. అలా చీట్స్ వచ్చాక డిఫికల్టీని కూడా టైప్ చేసి మార్చవచ్చు. టీ నొక్కి, ఇంగ్లిష్ చిన్న అక్షరాల్లో స్లాష్ గుర్తు పెట్టి డిఫికల్టీ అని, ఒక ఖాళీ వదిలి హార్డ్ అని రాసి ఎంటర్ కొట్టాలి. లాన్‌లో ఆడుతుంటే ఆప్షన్స్‌లోని బటన్ తెరిచినవాళ్లకే ఉంటుంది. మా ఇంట్లో కంప్యూటర్ నాది కాబట్టి ఈ అధికారం ప్రస్తుతానికి నా దగ్గరే ఉంది.

ఆప్షన్స్‌లో డిఫికల్టీ పక్కన చిన్న తాళం బొమ్మ కనిపిస్తుంది. దాని జోలికి పోకండి. ఒకసారి వేస్తే ఆ ప్రపంచంలో ఆ బటన్‌తో స్థాయి మార్చడం ఇక కుదరదు, ఆట లోపలినుంచి తాళం తీసే దారి లేదు. ఒకే ప్రాణంతో ఆడే హార్డ్‌కోర్‌లో మొదలుపెట్టిన ప్రపంచం కూడా హార్డ్‌లోనే ఉండిపోతుంది. చచ్చాక మిగిలేది చూస్తూ తిరగడమే.

గుంటూరు బ్రాడీపేటలో మా చెల్లెలి కూతురు ఫోన్‌లో బెడ్‌రాక్ ఎడిషన్ ఆడుతుంది. తనకి మాత్రం దారి వేరు: పాజ్ చేసి సెట్టింగ్స్‌లో గేమ్ అన్నదాంట్లో డిఫికల్టీ ఉంటుంది. "పెద్దమ్మా, పీస్‌ఫుల్ పెడితే నా అచీవ్‌మెంట్లు ఆగిపోతాయా?" అని అడిగింది. డిఫికల్టీ ఎంత మార్చినా ఆగవు. ఆగేది చీట్స్ ఆన్ చేసినప్పుడు, అన్ని వస్తువులూ ఊరికే దొరికే క్రియేటివ్‌కి మారినప్పుడు. ఆ ప్రపంచంలో ఇక ఎప్పటికీ రావు, చీట్స్ మళ్లీ ఆఫ్ చేసినా సరే. జావాలో ఈ బాధ లేదు. అందుకే బెడ్‌రాక్‌లో కీప్ ఇన్వెంటరీ లాంటివి పరీక్షించాలనుకుంటే ముందు ప్రపంచం పక్కనున్న పెన్సిల్ గుర్తు నొక్కి కాపీ వరల్డ్ చేసుకోవాలి, చీట్స్ ఆ కాపీలో పెట్టుకోవాలి. రెండూ కలిసిపోకుండా కాపీ పేరు అప్పటికప్పుడే మార్చేయండి.